1920లో ఓటు వచ్చాక కూడా అమెరికా ఆడవాళ్ళకు ఏం మిగిలిపోయింది?

"అమెరికాలో ఆడవాళ్ళకు 1920లోనే ఓటు హక్కు వచ్చేసింది కదా, ఇంకా అక్కడ స్త్రీల హక్కుల గొడవ ఎందుకు? వాళ్ళు మొదటి నుంచీ స్వతంత్రంగానే బతికారు కదా?" అని అడిగారు.

మొదటి నుంచీ కాదండి. ఓటు సంగతి అందరికీ తెలుసు గానీ, అసలు పేచీ ఓటు కంటే పాతది, ఓటు వచ్చాక కూడా చాలాకాలం నడిచింది. పెళ్ళయిన ఆడమనిషికి చట్టం ముందు సొంతంగా ఒక ఉనికి ఉందా, లేక భర్త ద్వారానే ఉందా అన్నదే ఆ పేచీ. నేను 2008లో హెచ్-4 వీసా మీద, అంటే ఉద్యోగ వీసా మీద వచ్చినవాళ్ళ భార్యకో భర్తకో ఇచ్చే వీసా మీద, న్యూజెర్సీ వచ్చాను. ఎమ్మెస్సీ చదివి, హైదరాబాదులో ఉద్యోగం చేసి వచ్చినదాన్ని. ఇక్కడికొచ్చాక ప్రతి కాగితం మీదా మావారి పేరు, ఆ కింద డిపెండెంట్ అని నేను. ఉద్యోగం చేయకూడదు, సోషల్ సెక్యూరిటీ నంబరు లేదు. చేతిలో ఖాళీ సమయం బోలెడు ఉండటంతో ఊరి లైబ్రరీలో కూర్చుని ఈ దేశంలో ఆడవాళ్ళ చరిత్ర చదవడం మొదలుపెట్టాను. చదివేకొద్దీ నా కాగితాల మీదున్న ఆలోచన ఎంత పాతదో అర్థమైంది.

ఇంగ్లండు నుంచి వలస వచ్చినవాళ్ళు తమ చట్టాన్ని కూడా వెంట తెచ్చుకున్నారు. దాని ప్రకారం పెళ్ళయ్యాక భార్యాభర్తలిద్దరూ చట్టానికి ఒకే మనిషి, ఆ మనిషి భర్త. దీన్ని కవర్చర్ అనేవారు. పుట్టింటి నుంచి తెచ్చుకున్న డబ్బు, నగ, సామాను భర్తవైపోతాయి. పొలం ఉంటే పెత్తనమూ రాబడీ ఆయనవే. భార్య పనికి వెళ్ళి సంపాదించినా ఆ జీతం ఆయనదే. ఆమె తన పేరున ఒప్పందం రాసుకోలేదు, దావా వేయలేదు. పిల్లల మీద హక్కూ తండ్రిదే. 1776 మార్చి 31న అబిగైల్ ఆడమ్స్ తన భర్త జాన్ ఆడమ్స్‌కు రాసిన ఉత్తరంలో, కొత్త దేశానికి చట్టాలు రాసేటప్పుడు ఆడవాళ్ళను మర్చిపోవద్దని, భర్తల చేతికి అంత అధికారం ఇవ్వొద్దని కోరింది. ఆయన తిరుగు ఉత్తరంలో దాన్ని నవ్వులాటగా తీసిపారేశాడు. తర్వాత ఈ దేశానికి రెండో అధ్యక్షుడయ్యాడు.

మా న్యూజెర్సీది ఇంకా విచిత్రం. 1776లో ఈ రాష్ట్ర రాజ్యాంగం, యాభై పౌండ్ల ఆస్తి ఉన్న నివాసులందరికీ ఓటు ఇచ్చింది. మగవాళ్ళకే అని ఎక్కడా రాయలేదు. అందుకని ఆస్తి ఉన్న పెళ్ళికాని ఆడవాళ్ళు, వితంతువులు ఇక్కడ ముప్ఫై ఏళ్ళపాటు ఓటేశారు. నల్లవాళ్ళలో ఆస్తి ఉన్నవాళ్ళూ వేశారు. పెళ్ళయిన ఆడవాళ్ళు మాత్రం లేరు, ఎందుకంటే పెళ్ళి కాగానే వాళ్ళ చేతిలో ఆస్తి ఉండదు. 1807లో ఆ హక్కునూ లాగేసుకుని, పన్ను కట్టే తెల్ల మగవాళ్ళకే ఓటు అని చట్టం చేశారు. ఒకసారి వచ్చిన హక్కు ఇక పోదనుకునేవాళ్ళకు నేను ముందుగా చెప్పేది ఇదే.

పెళ్ళయిన ఆడవాళ్ళకు సొంత ఆస్తి ఉండొచ్చన్న చట్టం మొదట వచ్చిన రాష్ట్రాల్లో ఒకటి మిసిసిపీ, 1839లో. దాన్ని పొగుడుతూ రాసినవి చూస్తుంటాను గానీ నాకు మనసొప్పదు. ఆ చట్టంలో ఆస్తి అంటే ముఖ్యంగా బానిసలు. భర్త చేసిన అప్పులకు భార్య పుట్టింటివాళ్ళిచ్చిన బానిసలు జప్తు కాకుండా చూసుకోవడమే దాని సారాంశం. ఒక ఆడమనిషికి వచ్చిన హక్కు, ఇంకో ఆడమనిషిని ఆస్తిగా రాసిపెట్టుకునే హక్కు. అదే కాలంలో న్యూయార్క్ రాష్ట్రంలో బానిసగా పుట్టి బయటపడిన సోజర్నర్ ట్రూత్, అక్రమంగా అలబామాకు అమ్మేసిన తన కొడుకు పీటర్ కోసం కోర్టుకెక్కింది. 1828లో గెలిచి పిల్లాణ్ణి వెనక్కి తెచ్చుకుంది. చదువు రాని మనిషి, తెల్లవాడి మీద దావా వేసి గెలిచింది.

న్యూయార్క్‌లో ఆస్తి చట్టం 1848 ఏప్రిల్‌లో వచ్చింది. భార్య సంపాదన భార్యదేనన్న మాట చట్టంలోకి ఎక్కడానికి ఇంకో పన్నెండేళ్ళు, 1860 దాకా పట్టింది. ఈ మధ్యలోనే సెనెకా ఫాల్స్ సభ జరిగింది. 1848 జులై 19, 20 తేదీల్లో ఎలిజబెత్ కేడీ స్టాంటన్, లుక్రీషియా మాట్ కలిసి ఆడవాళ్ళ హక్కుల కోసం ఒక చిన్న ఊరి చర్చిలో పెట్టిన సభ అది. 68 మంది ఆడవాళ్ళు, 32 మంది మగవాళ్ళు అక్కడి హక్కుల ప్రకటన మీద సంతకాలు పెట్టారు. ఆస్తి, చదువు, ఉద్యోగం, పిల్లల మీద హక్కు లాంటి వాటికి ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. ఓటు అడుగుదామన్న తీర్మానం దగ్గరే సభ తటపటాయించింది. అంతకు పదేళ్ళ ముందు బానిసత్వం నుంచి పారిపోయి వచ్చిన ఫ్రెడరిక్ డగ్లస్ లేచి గట్టిగా మాట్లాడాక గానీ అది నెగ్గలేదు. సంతకం పెట్టినవాళ్ళలో షార్లెట్ వుడ్‌వర్డ్ అనే అమ్మాయి ఉంది, ఇంట్లో కూర్చుని గ్లౌజులు కుట్టి డబ్బు సంపాదించేది. ఆ వందమందిలో 1920లో ఓటు వచ్చేనాటికి బతికున్నది ఆమె ఒక్కతే. అప్పటికి తొంభై దాటాయి, ఒంట్లో బాగాలేక ఓటు వేయలేకపోయింది.

ఆ డెబ్భై రెండేళ్ళ పోరాటం మీరు ఎక్కడైనా చదువుకోవచ్చు, నేను పైపైన చెప్పి వదిలేస్తాను. వయోమింగ్ 1869లోనే ఆడవాళ్ళకు ఓటు ఇచ్చింది. ఓటు హక్కు ఉద్యమ నాయకురాలు సూసన్ బి. ఆంథొనీ 1872లో రాచెస్టర్‌లో ఓటేసినందుకు అరెస్టయింది. జడ్జి జ్యూరీని నిర్ణయించుకోనివ్వకుండా తనే నేరస్తురాలని తేల్చి వంద డాలర్ల జరిమానా వేశాడు, ఆమె చనిపోయేదాకా అది కట్టలేదు. 1917లో వైట్‌హౌస్ ముందు బోర్డులు పట్టుకుని నిలబడ్డవాళ్ళను జైల్లో పెట్టి, నిరాహారదీక్ష చేస్తే ముక్కులోంచి గొట్టాలు వేసి తిండి పోశారు. చివరికి 1920 ఆగస్టు 18న టెనెసీ శాసనసభలో ఇరవై నాలుగేళ్ళ హ్యారీ బర్న్ మనసు మార్చుకుని వేసిన ఓటుతో, ఆడవాళ్ళకు ఓటిచ్చే రాజ్యాంగ సవరణ గట్టెక్కింది. అతని జేబులో వాళ్ళమ్మ రాసిన ఉత్తరం ఉంది, ఆడవాళ్ళ ఓటుకు మద్దతివ్వమని.

నన్ను కుదిపేసింది ఓటు కంటే పౌరసత్వం కథ. 1907లో అమెరికా ప్రభుత్వం ఒక చట్టం చేసింది: అమెరికన్ స్త్రీ పరాయి దేశస్థుణ్ణి పెళ్ళి చేసుకుంటే ఆమె పౌరసత్వం పోతుంది, భర్త దేశమే ఆమె దేశం. మగవాడు పరాయి దేశపు పిల్లను చేసుకుంటే అతనికేమీ కాదు. ఎథెల్ మెకంజీ కాలిఫోర్నియాలో పుట్టి పెరిగింది, ఒక స్కాట్లండ్ గాయకుణ్ణి పెళ్ళాడి ఇక్కడే ఉంది. 1911లో కాలిఫోర్నియాలో ఆడవాళ్ళకు ఓటు వచ్చింది, అందుకోసం పనిచేసినవాళ్ళలో ఆమె కూడా ఒకరు. తీరా పేరు నమోదుకు వెళితే, నువ్వు అమెరికన్‌వి కాదు పొమ్మన్నారు. సుప్రీంకోర్టుకు వెళ్ళింది. 1915లో అక్కడా ఓడిపోయింది. ఇష్టపడే పెళ్ళి చేసుకుంది కాబట్టి పౌరసత్వం ఇష్టపడే వదులుకున్నట్టు అని కోర్టు తేల్చింది.

ఓటు వచ్చాక 1922లో కేబుల్ చట్టంతో దీన్ని సరిచేశారు, కానీ అందరికీ కాదు. పౌరసత్వానికి అర్హత ఉన్న విదేశీయుణ్ణి చేసుకుంటేనే ఆ రక్షణ. ఆసియావాళ్ళకు ఆ అర్హత లేదు. మరుసటి ఏడాది, 1923లో, అమెరికా పౌరసత్వం అడిగిన భగత్ సింగ్ థిండ్ అనే పంజాబీ కేసులో సుప్రీంకోర్టు భారతీయులు కూడా అనర్హులేనని తీర్పిచ్చింది. అంటే మనవాళ్ళను పెళ్ళి చేసుకున్న అమెరికన్ స్త్రీలు, ఇక్కడే పుట్టినా, దేశం లేనివాళ్ళయ్యారు. స్వాతంత్ర్య సమరయోధుడు తారక్‌నాథ్ దాస్ భార్య మేరీ కీటింజ్ దాస్ అలా పౌరసత్వం పోగొట్టుకున్నవాళ్ళలో ఒకరు. ఓటు హక్కు రాజ్యాంగంలోకి వచ్చి మూడేళ్ళు కూడా నిండకుండానే జరిగిన సంగతి ఇది. పౌరురాలే కాకపోతే ఓటు ఎక్కడిది? 1931లో గానీ ఆ నిబంధన పోలేదు. మన ఆడపిల్లలు ఇక్కడ భర్త వీసా మీద ఉంటూ పడే ఇబ్బంది దీనంత ఘోరం కాదు, ఒప్పుకుంటాను. కానీ నువ్వెవరో నీ భర్త కాగితం చెబుతుందన్న ఆలోచన ఒక్కటే.

ఇక నల్లజాతి ఆడవాళ్ళకు దక్షిణాదిలో 1920 అనేది కాగితం మీది అంకెగానే మిగిలింది. ఫానీ లూ హేమర్ మిసిసిపీలో పత్తి పొలాల్లో పనిచేసేది. 1962 ఆగస్టులో మరి కొంతమందితో బస్సెక్కి ఇండియనోలా వెళ్ళి ఓటరుగా నమోదు చేసుకోబోయింది. రాష్ట్ర రాజ్యాంగంలో ఒక భాగం చదివి అర్థం చెప్పమన్నారు, ఫెయిల్ చేశారు. ఇంటికి వచ్చేసరికి భూస్వామి, నమోదు ఆలోచన మానకపోతే పొలం వదిలిపొమ్మన్నాడు. పద్దెనిమిదేళ్ళుగా పనిచేసిన చోటు, ఆ రాత్రే బయటికి వచ్చేసింది. మరుసటేడు వినోనా జైల్లో ఆమెను చావబాదారు, కిడ్నీ దెబ్బతింది. 1964 ఆగస్టులో డెమొక్రాటిక్ పార్టీ మహాసభలో ఆమె ఇదంతా చెప్పింది. అది జరిగింది మా రాష్ట్రంలోనే, అట్లాంటిక్ సిటీలో. ఆమె మాట్లాడుతుండగా అధ్యక్షుడు జాన్సన్ టీవీ కెమెరాలు తనవైపు తిప్పుకోవడానికి హడావిడిగా ప్రెస్‌మీట్ పెట్టాడు. అయినా ఆ సాయంత్రం టీవీలు ఆమె మాటలు వేశాయి, దేశమంతా విన్నది. మరుసటేడు ఓటింగ్ హక్కుల చట్టం వచ్చింది.

ఉద్యోగాల సంగతికి వస్తే, మాకు లైబ్రరీలో ఇంగ్లీషు మాట్లాడటం నేర్పిన ఒకావిడ గురించి చెప్పాలి. రిటైర్డ్ స్కూల్ టీచరు, డెబ్భై దాటాయి. నాకు బ్యాంకు ఖాతా ఉంది గానీ నా పేరున ఏ అప్పూ కార్డూ పుట్టదని ఒకరోజు మాటల్లో చెప్పాను. తర్వాతి వారం ఆవిడ బిస్కెట్ల రేకు డబ్బా ఒకటి తెచ్చింది. అందులోంచి ఒక పాత కార్డు తీసి నా చేతిలో పెట్టింది, 1960ల నాటి డిపార్ట్‌మెంట్ స్టోర్ కార్డు. గోధుమరంగు వెలిసిపోయి, అంచులు అరిగిపోయి ఉంది. ఉబ్బెత్తు అక్షరాల మీద వేలుపెట్టి చదివించింది. ముందు మిసెస్ అని ఉంది, ఆ తర్వాత భర్త పేరు, ఇంటిపేరు. ఆవిడ సొంత పేరులోది ఒక్క అక్షరం లేదు. ప్రతి నెలా బిల్లు కట్టింది మాత్రం ఆవిడ జీతంలోంచే.

1972లో భర్త పోయాడు. ఆ విషయం తెలిపితే స్టోరువాళ్ళు ఖాతా మూసేశారు, ఖాతాదారు చనిపోయాడు కాబట్టి. అన్నేళ్ళు సరిగ్గా కట్టిన చరిత్ర అంతా చనిపోయినాయన పేరునే ఉండిపోయింది. కారు కోసం బ్యాంకు అప్పుకు వెళితే, ఉద్యోగం ఉన్నా సరే, తండ్రో అన్నదమ్ములో సంతకం పెట్టాలన్నారు. తండ్రి లేడు. అప్పుడప్పుడే ఉద్యోగంలో చేరిన తమ్ముడు పెట్టాడు, వాడి జీతం ఆవిడ జీతంలో సగం. ఆ మాట చెబుతున్నప్పుడు, అన్నేళ్ళ తర్వాత కూడా ఆవిడ గొంతులో కోపం అలాగే ఉంది.

కడుపుతో ఉన్నప్పటి సంగతీ చెప్పింది. ఆ రోజుల్లో చాలా స్కూళ్ళలో టీచరుకు కడుపు కనిపించేనాటికి ఉద్యోగం మానేయాలని నిబంధన. ఆవిడ వదులు గౌన్లు వేసుకుని, ముందు ఫైళ్ళు పట్టుకుని ఆరో నెల దాకా దాచిపెట్టింది. తెలిశాక ఆ వారమే పంపేశారు. ఇలాంటి నిబంధన మీదే క్లీవ్‌లాండ్‌లో జో కేరల్ లాఫ్లర్ అనే టీచరు కోర్టుకు వెళ్ళింది. అక్కడ కాన్పుకు ఐదు నెలల ముందే జీతం లేకుండా ఇంటికి పోవాలి, బిడ్డకు మూడు నెలలు నిండేదాకా తిరిగి రాకూడదు. 1974 జనవరిలో సుప్రీంకోర్టు ఆ నిబంధన చెల్లదంది.

1970ల మొదటి నాలుగైదేళ్ళలో జరిగినంత మార్పు అంతకుముందు యాభై ఏళ్ళలో జరగలేదు. 1963 సమాన వేతన చట్టం, 1964 పౌరహక్కుల చట్టం దారి వేశాయి. కానీ 1971 దాకా, ఆడా మగా తేడా చూపి సమానత్వాన్ని కాదన్నదన్న కారణంతో ఏ చట్టాన్నీ సుప్రీంకోర్టు రాజ్యాంగ విరుద్ధమని కొట్టేయలేదు. మొదటిది శాలీ రీడ్ కేసు. ఐడహోలో ఉండే శాలీకి, భర్తకు విడాకులయ్యాయి. కొడుకు చనిపోయాడు. వాడు వదిలివెళ్ళింది వెయ్యి డాలర్లు కూడా చేయదు. దాన్ని చూసుకునే బాధ్యత తనకివ్వమని తల్లీ అడిగింది, తండ్రీ అడిగాడు. ఇద్దరికీ సమాన అర్హత ఉంటే మగవాడికే ఇవ్వాలని ఐడహో చట్టం. ఆమె నాలుగేళ్ళు పోరాడి గెలిచింది. ఆమె తరఫున రాతపూర్వక వాదన తయారుచేసినవాళ్ళలో రూత్ బేడర్ గిన్స్‌బర్గ్ ఉంది. తర్వాత ఆమె అదే కోర్టులో న్యాయమూర్తి అయింది.

1974 అక్టోబరు 28న సమాన రుణ అవకాశ చట్టం వచ్చింది. ఆడమనిషి అనో, పెళ్ళయిందనో, కాలేదనో అప్పు నిరాకరించకూడదు. దాని కింద చేసిన నిబంధనల్లో ఒకటి ఎవరూ పట్టించుకోరు గానీ చాలా ముఖ్యం: భర్త ఖాతాను భార్య కూడా వాడుతుంటే, ఆ ఖాతా చరిత్ర ఇద్దరి పేరునా క్రెడిట్ బ్యూరోలకు, అంటే ఎవరు అప్పు ఎలా తీరుస్తున్నారో లెక్క ఉంచే సంస్థలకు, వెళ్ళాలి. మా టీచరుగారికి జరిగింది ఇంకొకరికి జరగకూడదనే పెట్టిన నిబంధన అది.

అంతటితో అయిపోయిందా అంటే, లూసియానాలో అప్పటికింకా భర్తే ఇంటి యజమాని అనే చట్టం ఉంది. జోన్ ఫీన్‌స్ట్రా అనే ఆవిడ, కన్నకూతురి మీద అఘాయిత్యం చేశాడని భర్త మీద కేసు పెట్టింది. అతను తన వకీలు ఫీజు కోసం ఉమ్మడి ఇంటిని తాకట్టు పెట్టాడు. ఆ ఇంటి కోసం డబ్బు కట్టింది ఆమె. ఆమెకు చెప్పాల్సిన పని కూడా చట్టంలో లేదు. 1981లో సుప్రీంకోర్టు ఆ చట్టం చెల్లదంది. నేను పుట్టినది అదే ఏడాది, అందుకే ఇది నాకు పాతకాలపు కథలా అనిపించదు.

నా విషయానికొస్తే, 2015 మే 26 నుంచి హెచ్-4 వాళ్ళలో కొందరికి పని అనుమతి ఇవ్వడం మొదలైంది. గ్రీన్‌కార్డు కోసం భర్త కంపెనీ పెట్టే ఐ-140 దరఖాస్తు ఆమోదం పొంది ఉంటే చాలామందికి వస్తుంది. మా అపార్ట్‌మెంట్లలో ఆ వేసవిలో పండగ వాతావరణం. కార్డు రాగానే సోషల్ సెక్యూరిటీ నంబరు తీసుకుని, మావారి క్రెడిట్ కార్డులో నా పేరు చేర్పించాను. కొన్ని నెలలకు నా పేరున క్రెడిట్ చరిత్ర కనిపించింది. అది కనిపించడానికి కారణం 1970ల నాటి ఆ నిబంధన అని నాకు తెలుసు కాబట్టి, ముందు మా టీచరుగారికే ఫోన్ చేసి చెప్పాను. కానీ నా పని అనుమతి ఇప్పటికీ మావారి కాగితానికి ముడిపడే ఉంది. ఆయన ఉద్యోగం అటూ ఇటూ అయితే నాదీ ఊగుతుంది. కొట్లాడి విడిపోవాలనుకున్న ఆడపిల్లకు ఈ ముడి ఎంత భయం పెడుతుందో, తోటి తెలుగువాళ్ళ ఇళ్ళలో నేను చూశాను.

"ఇంకా గొడవ ఎందుకు" అన్నారు కదా. 1973లో సుప్రీంకోర్టు ఇచ్చిన గర్భస్రావ హక్కును 2022 జూన్ 24న అదే కోర్టు తీసేసింది. ఇప్పుడు రాష్ట్రానికో చట్టం. న్యూజెర్సీలో ఒకలా, టెక్సాస్‌లో పూర్తిగా ఇంకోలా. మన తెలుగు అమ్మాయిలు టెక్సాస్‌లో ఎంతమంది ఉన్నారో మీకు తెలుసు. గర్భం మధ్యలో ఏదైనా తేడా వస్తే డాక్టరు వైద్యం గురించే కాకుండా చట్టం గురించి కూడా ఆలోచించాల్సి వస్తోంది. స్త్రీపురుషులు సమానమని రాజ్యాంగంలో రాసే సవరణ 1972లో కాంగ్రెస్ దాటింది, ఇప్పటికీ రాజ్యాంగంలో చేరలేదు. ప్రసూతి సెలవు సంగతి చూడండి. దేశం మొత్తానికి వర్తించే 1993 చట్టం ఇచ్చేది పన్నెండు వారాలు, జీతం లేకుండా, అదీ యాభై మంది ఉద్యోగులున్న సంస్థల్లో ఏడాది చేసినవాళ్ళకు. మన దేశంలో 2017 నుంచి 26 వారాలు, జీతంతో ఉంది. పురిటికి అమ్మో అత్తగారో విజిటర్ వీసా మీద వచ్చి ఆరు నెలలుండి వెళ్ళడం ఇక్కడి తెలుగు ఇళ్ళలో ఆనవాయితీ అయిందంటే ప్రేమ ఒక్కటే కారణం కాదండి, బాలింతకు వేరే దారి లేకపోవడం కూడా.

మీ ఇంట్లో ఎవరైనా అమ్మాయి డిపెండెంట్ వీసా మీద వస్తుంటే నా మాటగా ఇవి చెప్పండి. దిగిన వారంలోనే బ్యాంకు ఖాతాలో తన పేరు వేయించుకోవాలి. అద్దె ఒప్పందం మీద తన సంతకం కూడా ఉండాలి. ఇల్లు కొంటే అప్పు భర్త పేరున ఉన్నా సరే, టైటిల్ మీద, అంటే ఇంటి యాజమాన్య పత్రం మీద, తన పేరు పెట్టించుకోవాలి. పాస్‌పోర్టు, పెళ్ళి సర్టిఫికెట్, చదువు సర్టిఫికెట్లు తన దగ్గరే ఉంచుకోవాలి. వీటిలో దేనికీ ఇక్కడి చట్టం ఇప్పుడు అడ్డు చెప్పదు.